కనిపించిన 52, కనిపించని 3,900: టెలివిజన్‌లో హాన్స్ రోస్లింగ్

మొజాంబిక్ ఉత్తర తీరంలో నకాలా అనే రేవు పట్టణం ఉంది. స్వీడన్ డాక్టరు హాన్స్ రోస్లింగ్ 1979 నుంచి 1981 దాకా అక్కడ జిల్లా వైద్యాధికారిగా పనిచేశారు. ఆయన ఆసుపత్రికి ఏడాదిలో ప్రాణాపాయ స్థితిలో వచ్చిన పిల్లలు దాదాపు వెయ్యి మంది. అందులో 52 మంది చనిపోయారు. చూడవచ్చిన ఒక డాక్టరు స్నేహితుడికి అక్కడి పద్ధతి నచ్చలేదు. విరేచనాలతో ఒళ్ళు ఆరిపోయిన పసిబిడ్డకు నరం వెతికి సెలైన్ పెట్టకుండా, గొట్టంతో ఉప్పూ చక్కెరా కలిపిన నీళ్ళు ఎక్కిస్తున్నారేమిటని నిలదీశాడు. ఎదురుగా ఉన్న రోగికి చేయగలిగినదంతా చేయాలన్నది అతని వాదం. రోస్లింగ్ లెక్క వేశారు. జిల్లాలో ఏటా పుట్టే పిల్లలు 15 వేలు. ఐదేళ్ళు నిండకుండా చనిపోయేవారు 26 శాతం. అంటే ఏడాదికి 3,900 మంది. తన కళ్ళ ముందు పోయిన ప్రాణాలు ఆ మొత్తంలో నూటికి ఒకటిన్నర కూడా కావు.

టెలివిజన్ కెమెరా సహజంగా ఆ 52 మంది వైపే తిరుగుతుంది. వార్డులోకి వెళ్ళి ఒక తల్లి ముఖాన్ని దగ్గర నుంచి చూపగలదు. మిగిలిన 3,848 గుడిసెల ముందు నిలబడటం దాని వల్ల కాదు. ప్రజారోగ్యం మీద డాక్యుమెంటరీ తీసే ప్రతివారికీ ఈ చిక్కు ఎదురవుతుంది. ప్రేక్షకుణ్ణి కదిలించే దృశ్యం ఒకటి, పరిస్థితి తీవ్రతను చెప్పే సంఖ్య మరొకటి. ఈ రెండూ ఒకేచోట దొరకడం అరుదు. రోస్లింగ్ అరవయ్యో పడిలో టెలివిజన్ వ్యాఖ్యాతగా మారి, కెమెరాకు అందని ఆ సంఖ్యనే దృశ్యంగా మలచాలని చూశారు. ఆయన ఎంతవరకు సాధించారు? ఆయన మాటలు ప్రేక్షకుల అవగాహనను మార్చాయనడానికి ఆధారం ఉందా? చూపిన లెక్కలు తర్వాతి ఏళ్ళకు నిలిచాయా? ఈ వ్యాసం పరిశీలించేది ఈ మూడు ప్రశ్నలను. బీబీసీ కోసం ఆయన చేసిన చిత్రాలు, బహిరంగ ప్రసంగాలు, మరణానంతరం వచ్చిన పుస్తకం, టెలివిజన్ ప్రభావం మీద ఇతరులు జరిపిన అధ్యయనాలు దీనికి ఆధారం.

ముందు మనిషి గురించి కొంత తెలియాలి. రోస్లింగ్ 1948 జులై 27న స్వీడన్‌లోని ఉప్సలాలో పుట్టారు. అక్కడి విశ్వవిద్యాలయంలోనే వైద్యంతోపాటు గణాంకశాస్త్రం కూడా చదివారు. 1972లో బెంగళూరు సెయింట్ జాన్స్ మెడికల్ కాలేజీలో ప్రజారోగ్యం నేర్చుకున్నారు. మొదటి తరగతిలో మూత్రపిండం ఎక్స్‌రే చూపినప్పుడు, తనకు జవాబు తెలుసుననీ, భారతీయ విద్యార్థుల ముందు గొప్పలు పోవడం ఎందుకనీ ఊరుకున్నారట. తీరా వాళ్ళు చెప్పిన జవాబులు విని, పొరపాటున స్పెషలిస్టుల తరగతికి వచ్చానేమో అనుకున్నారట. వాళ్ళూ తనలాగే నాలుగో సంవత్సరం విద్యార్థులని తర్వాత తెలిసింది. ఈ సంఘటనను ఆయన జీవితాంతం చెప్పుకున్నారు. ‘అభివృద్ధి చెందిన దేశాలు, వెనకబడిన దేశాలు’ అంటూ ప్రపంచాన్ని రెండు ముక్కలుగా చూసే అలవాటు మీద ఆయన యుద్ధం అక్కడే మొదలైందన్నది ఆయన కథనం. దాన్ని యథాతథంగా తీసుకోనక్కరలేదు. ప్రసిద్ధులు తమ గతాన్ని తిరగరాసుకునేటప్పుడు తొలి మలుపు ఎప్పుడూ చక్కగా కుదురుతుంది.

కథనాల అవసరం లేకుండా రుజువైన పని నకాలా కాలంలోనే ఉంది. 1981లో నాంపులా ప్రాంతంలో ఒక వింత వ్యాధి ప్రబలింది. నిన్నటిదాకా నడిచిన స్త్రీలు, పిల్లలు ఉన్నట్టుండి కాళ్ళు బిగుసుకుపోయి కూలబడ్డారు. కోలుకోవడమన్నది లేదు. వెయ్యికి పైగా కేసులు నమోదయ్యాయి. రోస్లింగ్, ఆయన సహచరులు ఊరూరా తిరిగి, ఎవరికి వచ్చింది, ఎవరికి రాలేదు, వాళ్ళు ఏం తిన్నారు అని లెక్కలు రాశారు. చేదు కర్రపెండలంలో సైనైడును పుట్టించే పదార్థం ఉంటుంది. దుంపను రోజుల తరబడి నానబెట్టి, ఎండబెట్టి, పిండి చేస్తే ఆ విషం పోతుంది. కరువు రోజుల్లో అంత ఆగే ఓపిక ఆకలికి ఉండదు. పైగా మాంసకృత్తులు తక్కువైన ఒంటికి ఆ విషాన్ని విరిచే శక్తి తగ్గిపోతుంది. కాంగో ప్రాంతంలో కోంజో అని పిలిచే జబ్బు ఇదేనని తర్వాత తేలింది. రోస్లింగ్ 1986లో ఉప్సలాలో డాక్టరేటు పొందింది ఈ పరిశోధన మీదే. ఆ తర్వాత కూడా చాలా ఏళ్ళు ఆఫ్రికా పల్లెల్లో ఈ పని మీదే తిరిగారు. సామర్లకోట, పెద్దాపురం వైపు సగ్గుబియ్యం మిల్లుల వాళ్ళకు కర్రపెండలం చిరపరిచితం. దుంపను కడిగి, గుజ్జు చేసి, పిండిని నీళ్ళలో తేర్చే పద్ధతిలో ఆ విషం కొట్టుకుపోతుంది కాబట్టి మనకు ఆ బెడద తెలియదు.

ఈ నేపథ్యాన్ని ఇంతగా చెప్పడానికి కారణం ఉంది. తెర మీద గ్రాఫుల బుడగలతో ఆటలాడిన మనిషిగానే చాలామంది ఆయన్ను ఎరుగుదురు. కానీ ఇల్లిల్లూ తిరిగి హారం ఎంతో తెలుసుకోనిదే లవానికి అర్థం లేదని ఆయన నేర్చుకున్నది స్టూడియోలో కాదు.

రోస్లింగ్ 1997లో స్టాక్‌హోంలోని కరోలిన్‌స్కా సంస్థలో అంతర్జాతీయ ఆరోగ్య ఆచార్యులయ్యారు. అక్కడి విద్యార్థులకు పెట్టిన చిన్న పరీక్షే ఆయన టెలివిజన్ శైలికి మూలం. ఐదు జతల దేశాలు ఇచ్చారు. ప్రతి జతలో ఒక దేశంలో పిల్లల మరణాల రేటు రెండో దేశానికి కనీసం రెట్టింపు. శ్రీలంక, టర్కీ ఒక జత. మలేషియా, రష్యా మరొకటి. ఎక్కడ ఎక్కువ మంది చనిపోతున్నారో చెప్పాలి. కళ్ళు మూసుకుని గుర్తు పెట్టినా సగటున ఐదింటికి రెండున్నర వస్తాయి. స్వీడన్‌లో ఉత్తమ మార్కులతో సీటు తెచ్చుకున్న విద్యార్థులకు 1.8 వచ్చింది, ఆచార్యులకు 2.4. చింపాంజీల కంటే తక్కువ అని ఆయన వేసిన చమత్కారం 2006 ఫిబ్రవరిలో కాలిఫోర్నియాలోని టెడ్ వేదిక మీదినుంచి ప్రపంచమంతా పాకింది. అప్పటికే కొడుకు ఓలా, కోడలు ఆనాలతో కలిసి 2005లో గ్యాప్‌మైండర్ సంస్థ పెట్టారు. వాళ్ళు తయారు చేసిన ట్రెండలైజర్ అనే సాఫ్ట్‌వేర్‌ను 2007లో గూగుల్ కొనుక్కుంది. ఒక్కో దేశం ఒక్కో బుడగ. జనాభాను బట్టి బుడగ పరిమాణం. అడ్డంగా ఆదాయం, నిలువుగా ఆయుర్దాయం. ఏళ్ళు గడిచేకొద్దీ బుడగలు కదులుతాయి.

బీబీసీ ఫోర్‌లో 2010 డిసెంబరులో వచ్చిన ‘ద జాయ్ ఆఫ్ స్టాట్స్’ ఆయన్ను టెలివిజన్ మనిషిని చేసింది. గంట నిడివి గల ఆ చిత్రంలో నాలుగు నిమిషాల భాగం ఒకటి అన్నిటికంటే పేరు తెచ్చుకుంది. 200 దేశాలు, 200 ఏళ్ళు, లక్షా 20 వేల సంఖ్యలు. ఖాళీ గిడ్డంగిలో రోస్లింగ్ నిలబడి ఉంటే ఆయన ముందు గాలిలో గ్రాఫు తేలుతుంది. 1810లో దేశాలన్నీ పేదరికం, అల్పాయుష్షు ఉన్న మూలన కుప్పగా ఉంటాయి. మొదటి ప్రపంచ యుద్ధం, స్పానిష్ ఫ్లూ దగ్గర బుడగలు ఒక్కసారి కిందికి జారతాయి. ఆయన గొంతు అక్కడ క్రికెట్ వ్యాఖ్యాత గొంతులా వేగం అందుకుంటుంది. అదే చిత్రంలో ఫ్లోరెన్స్ నైటింగేల్ ప్రస్తావన వస్తుంది. క్రిమియా యుద్ధంలో సైనికులు గాయాల కంటే నివారించదగిన జబ్బులతోనే ఎక్కువ చనిపోయారని ఆమె 1858లో రంగుల చిత్రపటంగా గీసి చూపింది. మంత్రులకు పట్టికలు చదివే ఓపిక ఉండదని ఆమెకు తెలుసు. నూటయాభై ఏళ్ళ తర్వాత రోస్లింగ్ చేసింది ఆ పనినే కదిలే బొమ్మలతో చేయడం. ఆయన కొత్తదనం గురించి అతిగా చెప్పేవారు ఈ వరుసను మరచిపోకూడదు.

నా అంచనాలో అంతకంటే బలమైన చిత్రం 2013 నవంబరులో బీబీసీ టూలో వచ్చిన ‘డోంట్ పానిక్: ద ట్రూత్ అబౌట్ పాపులేషన్’. లండన్‌లో ప్రేక్షకుల ఎదుట చేసిన ప్రదర్శన అది. దాని నిర్మాణం గమనించాలి. ముందు ప్రశ్న వస్తుంది: బంగ్లాదేశ్‌లో స్త్రీకి సగటున ఎంతమంది పిల్లలు? ప్రేక్షకులు మీటలు నొక్కి జవాబు చెబుతారు. బ్రిటన్ ప్రజల్లో జరిపిన సర్వే ఫలితం కూడా తెర మీదికి వస్తుంది. సరైన జవాబు ఎంచుకున్నవారు కొద్దిమందే. ఆ తర్వాత ఢాకా వీధులు, ఇల్లిల్లూ తిరిగే కుటుంబ నియంత్రణ కార్యకర్త, చివరగా గ్రాఫు. 1970ల మొదట్లో ఏడుగురికి దగ్గరగా ఉన్న సగటు నలభై ఏళ్ళలో రెండున్నర లోపుకు పడిపోవడం కళ్ళకు కడుతుంది. మామూలు డాక్యుమెంటరీ మనిషితో మొదలై సంఖ్యతో ముగుస్తుంది. రోస్లింగ్ మాత్రం ప్రేక్షకుడి తప్పుడు అంచనాతో మొదలుపెట్టారు. మీట నొక్కినవాడికి జవాబు మీద ఆసక్తి పుడుతుంది, ఎందుకంటే అందులో అతని పరువు ఉంది. 2015 సెప్టెంబరులో వచ్చిన మూడో చిత్రం పదిహేనేళ్ళలో కడు పేదరికాన్ని ఎలా అంతం చేయవచ్చో చర్చించింది. మలావిలో ఒక నిరుపేద కుటుంబాన్ని చూపిన తీరులో ఆర్ద్రత ఉంది కానీ, మొత్తం మీద రెండో చిత్రానికున్న బిగువు దానికి లేదు.

ఇక ఆధారాల సంగతి. ప్రజలకు ప్రపంచం గురించి తెలియదన్నది రోస్లింగ్ కేంద్ర వాదన. దానికి పెద్ద సాక్ష్యంగా 2017లో జరిగిన సర్వేను చూపుతారు. 14 దేశాల్లో, చాలావరకు సంపన్న దేశాల్లో, 12 వేల మందిని ప్రశ్నించారు. వాతావరణం మీద ఉన్న పదమూడో ప్రశ్నను పక్కన పెడితే 12 ప్రశ్నలకు సగటున రెండే సరైన జవాబులు వచ్చాయి. ప్రతి ప్రశ్నకూ మూడు ఐచ్ఛికాలు కాబట్టి గుడ్డిగా పెట్టినా నాలుగు రావాలి. గత ఇరవై ఏళ్ళలో కడు పేదరికం సగానికి తగ్గిందని 7 శాతం మందికే తెలుసు. ఫలితం నిజమే. దాని అర్థం దగ్గరే జాగ్రత్త కావాలి.

ఇలాంటి పరీక్షలో వచ్చే మార్కు చాలావరకు ప్రశ్నల ఎంపిక మీద ఆధారపడుతుంది. ప్రపంచం మెరుగుపడిన విషయాలే అడిగి, మూడు జవాబుల్లో అన్నిటికంటే ఆశాజనకమైనది సరైనదైతే, నిరాశావాది ప్రతిసారీ తప్పుతాడు. అది అజ్ఞానం కంటే ఒకవైపు మొగ్గును ఎక్కువగా కొలుస్తుంది. రోస్లింగ్ కూడా ఇదే మాట మరోలా చెప్పారు: తెలియకపోతే చింపాంజీతో సమానమైన మార్కు రావాలి, అంతకంటే తక్కువ వస్తోందంటే తప్పుగా నేర్చుకున్నారని అర్థం. ఇంతవరకు సరే. భూమి వేడెక్కుతోందా అన్న పదమూడో ప్రశ్నకు 86 శాతం మంది సరిగ్గా జవాబిచ్చారు. అంటే అదే జనం చెడు వార్తను బాగానే గుర్తుపెట్టుకున్నారు. ‘ప్రజలకు వాస్తవాలు తెలియవు’ అన్న వాక్యం కంటే ‘ప్రజలు చెడును గుర్తుంచుకుని మంచిని వదిలేస్తారు’ అన్న వాక్యానికే ఈ గణాంకాలు బలమిస్తాయి.

మరి ఆయన చిత్రాలు ఆ మొగ్గును మార్చాయా? టెడ్ ప్రసంగం తర్వాత పదకొండేళ్ళకు, బీబీసీ చిత్రాలు ప్రసారమయ్యాక, 2017లో కూడా మార్కులు అలాగే ఉన్నాయి. దీన్నిబట్టి ఆయన విఫలమయ్యారని తేల్చలేం. ఆ సర్వేలో అడిగింది ఆయా దేశాల సాధారణ జనాన్ని. చిత్రం చూసినవారినీ చూడనివారినీ విడదీసి, చూడకముందూ చూశాకా పోల్చిన లెక్క కాదది. కోట్లమంది చూశారన్నది వ్యాప్తికి కొలమానమే గానీ ప్రభావానికి కాదు. ఈ తేడాను ఇతర టెలివిజన్ అధ్యయనాలతో పోల్చి చూస్తే బాగా తెలుస్తుంది.

అమెరికాలో వార్తా వ్యాఖ్యాత కేటీ కౌరిక్ భర్త పెద్దపేగు క్యాన్సర్‌తో 1998లో చనిపోయారు. 2000 మార్చిలో ఆమె తన కొలనోస్కోపీ పరీక్షను ఎన్‌బీసీ ఉదయపు కార్యక్రమంలో చూపించారు. ఆ తర్వాత పరిశోధకులు 400 మంది డాక్టర్ల రికార్డులు పరిశీలిస్తే, ఒక్కో డాక్టరు నెలకు చేసే ఈ పరీక్షలు సగటున 15 నుంచి 18కి పెరిగినట్టు, ఆ పెరుగుదల కొన్ని నెలలు నిలిచినట్టు తేలింది. ఆస్ట్రేలియాలో దీనికి తలకిందులైన ఉదాహరణ ఉంది. ప్రభుత్వ ప్రసార సంస్థ ఏబీసీ 2013 అక్టోబరులో కొలెస్టరాల్ తగ్గించే స్టాటిన్ మందుల్ని సందేహిస్తూ రెండు భాగాల కార్యక్రమం వేసింది. ఆ తర్వాతి ఎనిమిది నెలల మందుల అమ్మకాలను విశ్లేషించిన పరిశోధకులు, 60 వేలకు పైగా జనం మీద ప్రభావం పడిందని 2015లో అంచనా కట్టారు. నిష్పాక్షికత ప్రమాణాలను ఉల్లంఘించిందని అంతర్గత సమీక్షలో తేలడంతో సంస్థ ఆ కార్యక్రమాన్ని తొలగించింది. ఈ రెండు సందర్భాల్లోనూ ప్రేక్షకుడు చేయవలసిన పని ఒకటి స్పష్టంగా ఉంది: పరీక్ష చేయించుకోవడం, మాత్ర మానేయడం. కాబట్టి కొలవడం సాధ్యమైంది. రోస్లింగ్ ప్రేక్షకుణ్ణి అడిగింది ప్రపంచాన్ని వేరుగా ఊహించుకోమని. దాన్ని ఏ మందుల దుకాణం లెక్కలూ పట్టుకోలేవు.

సీరియళ్ళ దగ్గరికి వస్తే సాక్ష్యం ఇంకా గట్టిది. రాబర్ట్ జెన్సెన్, ఎమిలీ ఆస్టర్ 2009లో ప్రచురించిన అధ్యయనం మన దేశపు పల్లెల మీదే. బిహార్, గోవా, హర్యానా, తమిళనాడు గ్రామాల్లో కేబుల్ టీవీ వచ్చిన చోట, భార్యను కొట్టడం తప్పు కాదనే అభిప్రాయం, మగపిల్లలే కావాలనే కోరిక తగ్గాయని వాళ్ళు గమనించారు. నైజీరియాలో ‘ఎంటీవీ షుగా’ అనే సీరియల్ మీద యాదృచ్ఛిక పద్ధతిలో జరిపిన ప్రయోగంలో, చూసినవారు హెచ్‌ఐవీ పరీక్ష చేయించుకునే అవకాశం దాదాపు రెట్టింపైంది. స్త్రీలలో క్లమీడియా అనే లైంగిక వ్యాధి సగానికి పైగా తగ్గింది. ఇటు 2014లో అమెరికాలో టీకాల మీద బ్రెండన్ నైహన్ బృందం చేసిన ప్రయోగం మరో కోణం చూపింది. టీకాకూ ఆటిజానికీ సంబంధం లేదని ఆధారాలతో చెబితే తల్లిదండ్రుల అపోహ తగ్గింది. టీకా వేయిస్తామనే ఉద్దేశం మాత్రం పెరగలేదు. ముందునుంచే అనుమానం ఉన్నవారిలో ఇంకా తగ్గింది. ఒక్క ప్రయోగంతో తీర్మానం చేయకూడదు. అయినా వాస్తవం చెబితే మనిషి మారతాడన్న రోస్లింగ్ విశ్వాసానికి ఈ సాక్ష్యాలన్నీ కలిపి చూస్తే అంత అండ దొరకదు.

మూడో ప్రశ్న, ఆయన సంఖ్యలు నిలిచాయా అన్నది. పెద్ద దిశలో నిలిచాయి. ప్రపంచంలో ప్రతి వెయ్యి మంది పిల్లల్లో ఐదేళ్ళలోపు చనిపోయేవారు 1990లో 93 మంది. 2022 నాటికి 37 మంది. ఆ ఏడాది మరణాలు 49 లక్షలకు దిగాయి, అప్పటివరకు లెక్కల్లో అదే కనిష్ఠం. జనాభా విషయంలోనైతే ఆయన కంటే వాస్తవమే ముందుకు పోయింది. 2013 చిత్రం ఐక్యరాజ్యసమితి అంచనాను అనుసరించి శతాబ్దాంతానికి 1,100 కోట్ల జనాభా చూపింది. 2024 అంచనాలో 2080ల మధ్యలో సుమారు 1,030 కోట్ల దగ్గర శిఖరం చేరి ఆపైన తగ్గుతుందని ఉంది. కంగారు పడొద్దన్న మనిషి చూపిన సంఖ్యే కొంచెం ఎక్కువని తేలింది.

టీకాల దగ్గర వేరే లోపం బయటపడింది. ఏడాది వయసు పిల్లల్లో ఏదో ఒక జబ్బుకు టీకా పడినవారు ఎంతమంది అన్న ప్రశ్నకు ఆయన పరీక్షలో సరైన జవాబు 80 శాతం. మిగిలిన రెండు ఐచ్ఛికాలు 20, 50. కోరింత దగ్గు, ధనుర్వాతం, కంఠసర్పి మూడింటికీ కలిపి వేసే టీకా మూడు మోతాదులూ అందిన పిల్లలు 2019లో 86 శాతం. కోవిడ్ దెబ్బకు 2021లో 81కి పడిపోయారు. అంటే ఆ ఏడాది రెండున్నర కోట్ల మంది పిల్లలు పూర్తి రక్షణ లేకుండా మిగిలారు. పరీక్షలో జవాబు మాత్రం మారదు, అప్పుడూ 80 శాతమే సరైనది. రెండు దశాబ్దాల మార్పును పట్టుకునే జల్లెడలో రెండేళ్ళ విపత్తు జారిపోతుంది. పేదరికం గీత కూడా అలాంటిదే. ప్రపంచ బ్యాంకు ఆ గీతను రోజుకు 1.90 డాలర్ల నుంచి 2022లో 2.15కు, 2025 జూన్‌లో 3 డాలర్లకు మార్చింది. గీత జరిగినప్పుడల్లా పేదల సంఖ్య మారుతుంది. తగ్గుదల దిశ అదే ఉన్నా, ఎంతమంది మిగిలారన్న జవాబు ఎవరు గీత గీశారన్న దాని మీద ఆధారపడుతుంది.

విమర్శకులు లేకపోలేదు. జనాభా విస్ఫోటనం గురించి 1968లోనే హెచ్చరించిన జీవశాస్త్రవేత్త పాల్ ఎర్లిచ్, రోస్లింగ్ పర్యావరణ నష్టాన్ని పట్టించుకోలేదన్నారు. ఈ ఆరోపణ సగమే నిజం. సంపన్నులైన వంద కోట్ల మందే ఇంధనంలో పెద్ద వాటా కాలుస్తున్నారని ‘డోంట్ పానిక్’లో ఆయన స్పష్టంగా చూపారు. స్వీడన్ ఆచార్యుడు క్రిస్టియన్ బెర్గ్రెన్ 2018లో చేసిన విమర్శ ఎక్కువ పదునైనది: మెరుగుపడిన సూచికలే ఏరి, క్షీణిస్తున్నవాటిని వదిలారని. మరణానంతరం వచ్చిన పుస్తకం విషయంలో ఈ మాటను కొట్టిపారేయలేం. రోస్లింగ్ తనను ఆశావాది అంటే ఒప్పుకునేవారు కాదు. కానీ చూసేవారికి మిగిలే రుచి ఆశావాదమే, అది ఆయన ఎంచుకున్న సూచికల ఫలితం.

2009 నవంబరులో మైసూరులో జరిగిన టెడ్ సభలో ఆయన ఒక జోస్యం చెప్పారు. ఆదాయంలో భారత్, చైనాలు అమెరికా, బ్రిటన్‌లను అందుకునే రోజు 2048 జులై 27 అని. అది ఆయన నూరో పుట్టినరోజు. సభ నవ్వింది. అసమానతలు, వాతావరణ మార్పు, యుద్ధం అడ్డురాకపోతేనే అన్న షరతులు కూడా అదే ప్రసంగంలో ఉన్నాయి. తేదీ మాత్రమే జనానికి గుర్తుండిపోయింది. తెర మీద చమత్కారానికి ఉన్న జ్ఞాపకశక్తి షరతుకు ఉండదు. వ్యాఖ్యాతగా ఆయనకున్న బలమే అక్కడ ఆయన బలహీనత అయింది.

సగటు బుడగ ఏం దాస్తుందో తెలుసుకోవడానికి దూరం వెళ్ళనక్కరలేదు. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం స్త్రీకి సగటు సంతానం ఆంధ్రప్రదేశ్‌లో 1.7, తెలంగాణలో 1.8. ఆసుపత్రి కాన్పులు రెండు రాష్ట్రాల్లోనూ దాదాపు 97 శాతం. సంతానం లెక్కన రోస్లింగ్ గ్రాఫులో ఈ రెండు బుడగలూ ఐరోపా పక్కకు చేరతాయి. జనాభా భయం పోయి తరుగుదల భయం వచ్చిందనడానికి గుర్తుగా, ఇద్దరికి మించి పిల్లలుంటే స్థానిక ఎన్నికల్లో పోటీ చేయరాదన్న 1994 నాటి నిబంధనను 2024 నవంబరులో ఆంధ్రప్రదేశ్ శాసనసభ ఎత్తివేసింది. బంగ్లాదేశ్ గురించి లండన్‌లో ఆయన చెప్పిన కథ ఇక్కడ ఎప్పుడో జరిగిపోయింది. అదే సర్వేలో మరో వరుస చూడండి. తెలంగాణలో కాన్పుల్లో సిజేరియన్లు 60.7 శాతం, ప్రైవేటు ఆసుపత్రుల్లో 80 శాతం పైనే. ఆంధ్రప్రదేశ్‌లో 42.4. దేశం మొత్తం మీద 21.5. జనాభా స్థాయిలో సిజేరియన్లు 10 శాతం దాటాక తల్లీబిడ్డల మరణాలు ఇంకా తగ్గినట్టు ఆధారం లేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2015లో ప్రకటించింది. 15-49 ఏళ్ళ స్త్రీలలో రక్తహీనత ఆంధ్రప్రదేశ్‌లో 58.8 శాతం, తెలంగాణలో 57.6. ఆయుర్దాయం, ఆదాయం అనే రెండు అక్షాల మీద వీటికి చోటు లేదు. బుడగ పైకి ఎగబాకుతూనే లోపల వేరే జబ్బు ముదరవచ్చు.

ఇన్ని మినహాయింపుల తర్వాత కూడా, ఆయన్ను మంచి మాటకారిగా మాత్రమే లెక్కకట్టడం అన్యాయం. 2014 అక్టోబరులో ఎబోలా పశ్చిమాఫ్రికాను వణికిస్తున్నప్పుడు రోస్లింగ్ లైబీరియా వెళ్ళి మన్రోవియాలో ఆరోగ్య శాఖ గణాంక విభాగంలో కూర్చున్నారు. జిల్లాల నుంచి వచ్చే నివేదికల్లో కేసులు లేవన్న సున్నాకూ, నివేదికే రాలేదన్న ఖాళీకీ తేడా చేయాలని పట్టుబట్టారు. అనుమానిత కేసులనూ పరీక్షలో తేలిన కేసులనూ కలిపి గీసిన గీత పైకి పోతుంటే, విడదీసిన గీతలో అసలు కేసులు అప్పటికే రెండు వారాల నుంచి తగ్గుముఖం పట్టినట్టు కనిపించింది. ఆ పనికి కెమెరా లేదు, చప్పట్లూ లేవు.

2015 సెప్టెంబరులో డెన్మార్క్ టెలివిజన్ స్టూడియోలో మాత్రం ఆయన కాలు ఎత్తి బూటును బల్ల మీద పెట్టారు. మీడియా యుద్ధాలనే చూపడం తన బూటును మాత్రమే చూపి ఇదే రోస్లింగ్ అనడం లాంటిదని వాదిస్తూ, తాను చెప్పేది ఒప్పు, పాత్రికేయుడు చెప్పేది తప్పు అని తేల్చేశారు. ఆ వీడియో విపరీతంగా ప్రచారమైంది. నాకు అది ఆయన సామర్థ్యానికి తగిన ప్రదర్శన అనిపించదు. ప్రేక్షకుడి చేత ముందు అంచనా కట్టించి, తర్వాత లెక్క చూపే మనిషి అక్కడ తీర్పు చెప్పే మనిషయ్యారు. మొదటి పద్ధతిని మరెవరైనా నేర్చుకుని ఆచరించవచ్చు. రెండోది ఆ మనిషి వ్యక్తిత్వం మీద మాత్రమే నడుస్తుంది.

ఆయన 2017 ఫిబ్రవరి 7న క్లోమ క్యాన్సర్‌తో మరణించారు. మరుసటి ఏడాది వచ్చిన పుస్తకాన్ని కొడుకూ కోడలూ పూర్తి చేశారు. లభించే సాక్ష్యాన్నిబట్టి చెప్పగలిగింది ఇంత: పరిశోధకుడిగా, మహమ్మారి కాలపు గణాంకుడిగా రోస్లింగ్ కృషి రుజువైనది; వ్యాఖ్యాతగా ఆయన ప్రపంచం మనసు మార్చారన్నది రుజువు కానిది; ఆయన వాడిన పద్ధతి మాత్రం ఎవరైనా పరీక్షించి చూడదగినది. తెలుగు చానళ్ళలో ఆరోగ్య కార్యక్రమాలు చేసేవారు మొదలుపెట్టడానికి ఏ హంగూ అక్కరలేదు. డాక్టరుగారు ‘ఇంతమందికి నయం చేశాం’ అన్నప్పుడు ఎంతమందిలో అని అడిగి, ఆ సంఖ్యను కూడా తెర మీద వేయాలి. ప్రేక్షకుణ్ణి ముందు ఊహించమని, తర్వాత తమ జిల్లా లెక్క చూపించాలి. కుటుంబ ఆరోగ్య సర్వే జిల్లావారీ పత్రాలు ఎవరికైనా ఉచితంగా దొరుకుతాయి.